సువార్తమ్మ అడిగిన పేర్లు

పొద్దున నడకకు వెళ్ళినప్పుడు మలుపులో ఒకామె ఇడ్లీపాత్ర మూత తీసింది. ఉడికిన పిండి వాసనతో పాటు తడిగుడ్డ ఆవిరి వాసన ముఖానికి కొట్టింది. గుడ్డ మీద ఇడ్లీ వేసేవాళ్ళు ఈమధ్య నాకు పెద్దగా కనబడలేదు. ఆ వాసనకి నాకు గుర్తొచ్చేది ఒక్క మనిషే. అడుగు ముందుకు పడక కాసేపు అక్కడే నిలబడిపోయాను.

డెబ్భైల నడుమ, ఇరవై రెండేళ్ళ వయసులో, టైపిస్టు ఉద్యోగం దొరికి మైలవరం నుంచి బెజవాడ వచ్చాను. అమ్మ పోయింది. నాన్న మళ్ళీ పెళ్ళి చేసుకున్నాక ఆ ఇంట్లో నా చోటు ఎక్కడో నాకు తెలియలేదు. భవానీపురంలో మేడమీద గది తీసుకున్నాను. అందులో వంట చేయకూడదని ఇంటావిడ షరతు. ఆఫీసు వదిలాక నేను బస్సెక్కే సెంటర్లో అయిదింటికల్లా తోపుడుబళ్ళు చేరేవి. మిరపకాయ బజ్జీలు, పునుగులు, చెరుకురసం, వాటి మధ్యన సువార్తమ్మ ఇడ్లీ బండి. ఆడపిల్ల ఒక్కతే రోడ్డు మీద నిలబడి తినడం చూసేవాళ్ళకి వింతగా ఉండే రోజులవి. మొదటిరోజు ఆకు చేత్తో పట్టుకుని, గోడవైపు తిరిగి, గబగబా మింగుతున్నాను.

"ఎవరికి దాస్తున్నావమ్మా? తిండేగా," అని వెనకనుంచి వినబడింది. సువార్తమ్మకి నలభై అయిదేళ్ళుంటాయి. మెడలో చిన్న సిలువ, మోచేతులదాకా పిండి. తను కూర్చునే స్టూలు తెచ్చి రోడ్డుకు ఎదురుగా వేసింది. "ఇటు తిరిగి కూర్చో. చూసేవాళ్ళు రెండ్రోజులు చూసి మానేస్తారు."

నిజంగానే మానేశారు. ఆ సెంటరు నిండా జనమే. గుమాస్తాలు, ప్రెస్సు పనివాళ్ళు, రిక్షావాళ్ళు, మ్యాట్నీ చూసి వచ్చేవాళ్ళు. సువార్తమ్మ దగ్గర మాత్రం ఎక్కువగా గదిలో పొయ్యి వెలగనివాళ్ళమే చేరేవాళ్ళం. భుజాలు తగిలేంత దగ్గరగా ఉండి, ఎవరికి వాళ్ళం తిని వెళ్ళిపోయేవాళ్ళం. ఆమె మమ్మల్ని అలవాట్లని బట్టి పిలిచేది. నేను టైపమ్మాయిని. ఎండైనా వానైనా చంకలో గొడుగుతో వచ్చి, చట్నీ ముట్టకుండా కారప్పొడితోనే తినే ముసలాయన 'గొడుగు పెద్దాయన'. దాదాపు ఏడాదిపాటు ఆయన నా పక్కనే నిలబడి తిన్నారు. "మంచినీళ్ళు ఇటివ్వండి" అన్నది తప్ప మా మధ్య ఇంకో మాట లేదు.

ఒక బుధవారం ఆయన చేతిలో గ్లాసు వణికింది. రెండో చెయ్యి పట్టినా ఆగలేదు. నేను చూశాను. ఒంట్లో బాగాలేదా అని అడగాలనిపించింది. ముక్కూ ముఖం తెలియని మగమనిషిని పలకరించడమేమిటని ఊరుకున్నాను. ఆ మర్నాడు ఆయన రాలేదు. శుక్రవారమూ రాలేదు. శనివారం సాయంత్రం బండి చుట్టూ జనం మూగి ఉండగా సువార్తమ్మ పొయ్యిలో నీళ్ళు చల్లేసింది.

"పెద్దాయన మూడ్రోజులై రాలేదు. నాతో వస్తావా?" అని నన్ను అడిగింది.

"ఎక్కడికండీ?"

"అది తెలిస్తే నిన్ననే వెళ్ళుందును కదమ్మా."

ఆయన కాలవ వంతెన దాటి ఎడంపక్కకి తిరగడం చూశానని ఒక రిక్షా అతను చెప్పాడు. అతని రిక్షాలోనే వెళ్ళాం. ఆ సందులో ఇస్త్రీ చేసే మనిషి, "గొడుగాయనా? ఆ వెనకింట్లో ఉంటారండీ," అని చూపించాడు. తలుపు గడియ వేసి లేదు. చాప మీద, ఒళ్ళు పేలిపోయే జ్వరంతో, తెలివి లేకుండా పడి ఉన్నారు.

పెద్దాసుపత్రిలో నర్సు పుస్తకం తెరిచి, "పేషెంటు పేరు?" అంది. మేమిద్దరం ఒకరి ముఖం ఒకరం చూసుకున్నాం.

"మీరేమవుతారు?"

"చెల్లెల్నండీ," అంది సువార్తమ్మ.

"అన్నగారి పేరు తెలీదా?"

నర్సు కోప్పడలేదు. కలం పట్టుకుని అలా చూస్తూ ఉండిపోయింది. సువార్తమ్మ తల దించుకుంది. ఆమె తల దించుకోగా నేను చూసింది ఆ ఒక్కసారే.

సోమవారం పొద్దున ఆఫీసుకు వెళ్తూ ఆసుపత్రికి వెళ్ళాను. ఆయనకి తెలివి వచ్చింది. పేరు అడిగితే, "విశ్వనాథం" అన్నారు. కబురు చేయాల్సినవాళ్ళు ఎవరైనా ఉన్నారా అంటే లేరన్నట్టు తల ఊపారు. తర్వాత నా చేతివైపు చూసి, "వేళ్ళకి కార్బను మరకలతోనే తింటుంటారు. కడుక్కోమ్మా అని చాలాసార్లు చెప్పాలనుకున్నాను. ఆడపిల్ల, ఏమనుకుంటుందోనని..." అని ఆగిపోయారు.

మంగళవారం పోయారు. బజ్జీల బండి అతనూ రిక్షావాళ్ళూ కలిసి కృష్ణ ఒడ్డుకు తీసుకెళ్ళారు. ఆ సాయంత్రం సువార్తమ్మ బండి రాలేదు.

మర్నాడు వచ్చింది. ఆకులో ఇడ్లీ పెడుతూ ఒక్కొక్కరినీ అడగడం మొదలుపెట్టింది. "నీ పేరేంటి నాయనా? ఏ వీధి?" కొందరు నవ్వారు, కొందరు విసుక్కున్నారు. చెప్పేదాకా ఆకు చేతికివ్వలేదు. నా వంతు వచ్చింది.

"నీ పేరేంటమ్మా?"

"భారతి."

"భారతీ, ఇంకో రెండు వెయ్యనా?"

ఆఫీసులో నేను టైపిస్టు గారిని. ఇంటావిడకి మేడమీద అమ్మాయిని. ఈ ఊరు వచ్చాక నన్ను పేరుపెట్టి పిలిచిన మొదటి మనిషి ఆమె.

ఆ తర్వాత రెండేళ్ళకు బందరు బదిలీ అయింది. తిరిగి వచ్చేసరికి సెంటర్లో రోడ్డు వెడల్పు చేశారు. బళ్ళు లేవు. ఎక్కడికి పోయాయో చెప్పేవాళ్ళూ లేరు. మా అందరి పేర్లూ వీధులూ తెలుసుకున్న మనిషిని, మీ ఇల్లెక్కడని మాలో ఒక్కరమూ అడగలేదని అప్పుడు తట్టింది. ఆదివారాలు చర్చీల బయట నిలబడి వాకబు చేశాను. సువార్తమ్మలు ముగ్గురు దొరికారు. ముగ్గురూ మంచివాళ్ళే. ఆమె మాత్రం కాదు.

నాకిప్పుడు డెబ్భై దాటాయి. ఒక్కదాన్నే ఉంటాను. కూరగాయలు తెచ్చే ఆమెనీ, గేటు దగ్గర కూర్చునే అతన్నీ, మందుల షాపులో కొత్తగా చేరిన కుర్రాణ్ణీ పేరూ వీధీ అడిగి తెలుసుకుంటాను. ఈ ముసలావిడకి ఎందుకివన్నీ అన్నట్టు చూస్తారు, అయినా చెబుతారు. విన్నాక వెంటనే కదలను. మీ పేరేంటమ్మా అని వాళ్ళు తిరిగి అడుగుతారేమోనని కాసేపు ఆగుతాను. చాలామంది అడగరు.