గంగమ్మ గుడికి దొడ్డిగుమ్మం

ఒక పేట పేటంతటినీ నేను ఒంటిచేత్తో కొండమీదికి పరుగెత్తించిన వైనం చెబుతాను. నవ్వుకోండి, నేనేమీ అనుకోను. ఆ రోజు మాత్రం ఎవరూ నవ్వలేదు.

సునామీ పాత గుడిని పట్టుకుపోయాక, పోర్ట్‌బ్లెయిర్ దగ్గరి జాలరిపేటలో గంగమ్మకు కొత్త గుడి కట్టారు. నేను డైరీ ఫార్మ్ అనే బస్తీలో మా నాన్న ఇనపసామాన్ల కొట్టుకు ఎగనామం పెట్టి, అరువు కెమెరాతో ఆ గుడిమీద డాక్యుమెంటరీ తీయడానికి బయలుదేరాను.

అక్కడ ఒక్క సంగతి నన్ను కుదురుగా ఉండనివ్వలేదు. గర్భగుడికి వెనకవైపు తలుపు! ఎక్కడైనా చూశారా మీరు? అమ్మవారు దొడ్డిదారిన ఎక్కడికి వెళ్తుందండీ?

"మావా, ఈ దొడ్డిగుమ్మం ఎందుకు?" అని పూజారి అప్పన్నను అడిగాను.

"అవసరానికి."

"ఏం అవసరం?"

"సినిమా తియ్యడానికొచ్చావా, పోలీసోడిలా పూఛ్‌తాఛ్‌కొచ్చావా? ఏటి కావాలంటే అది తీసుకో భయ్యా. బయట పెద్దగంట జోలికి మాత్రం పోకు. పోయావో, నీ సినిమాకి ఆ రోజుతో ఖతమ్."

అంత చెప్పాక ఊరుకోవాలి కదా! ఊరుకుంటే నేనెందుకవుతాను? లోపలి గంట పిల్లిమెడలో మువ్వలా ఉంది. సినిమాకి అది చాలదు. మావ స్నానానికి వెళ్లగానే, గుడీ పేటా కనబడేలా కెమెరా నిలబెట్టి, పెద్దగంట తాడు పట్టుకున్నాను. మొదటిసారి మధ్యలో కాకి అరిచింది. రెండోసారి బోటింజను. ఇలా కాదని ఆపకుండా వాయించేశాను. చివరికి తాడు తెగి చేతికొచ్చింది.

తిరిగి చూస్తే పేటంతా పరుగు! పొయ్యిమీద పులుసు పొయ్యిమీదే ఉంది. మసీదు మైకులో "ఊపర్ చలో! సబ్ ఊపర్ చలో!" అంటూ అందర్నీ పైకి పొమ్మని కేక. చర్చి గంటా అందుకుంది. ఎందుకో తెలియదు గానీ నా కాళ్లూ ఆగలేదు. గుళ్లో దూరి దొడ్డిగుమ్మంలోంచి బయటపడ్డాను. ఎదురుగా కొండమీదికి మెట్లు! ఓహో, ఇందుకా! సందేహం తీరింది, సంతోషించే తీరికే లేదు, ఒక్క బిగిన పైకెక్కేశాను.

అప్పన్న మావ అమ్మవారిని గుండెకు హత్తుకుని రొప్పుతూ పైకొచ్చాడు.

"మావా, గంట ఎవరు కొట్టారు?" అన్నాను.

"నీ చేతిలో ఏటి బాబూ అది?"

తాడుముక్క.

"ఓర్నీ దుంపతెగ! కెరటమొస్తే కొట్టే గంటరా అది!"

మావ భార్య పైడమ్మ మనవణ్ణి వాటేసుకుని కూలబడింది. "మళ్లీ వచ్చేసిందనుకున్నాను నాయనా," అని ఏడ్చింది. నాకు సిగ్గుతో చచ్చిపోవాలనిపించింది.

"తప్పయిపోయింది అత్తా," అని కాళ్లమీద పడ్డాను.

ఆవిడ కళ్లు తుడుచుకుని చుట్టూ చూసింది. మసీదువాళ్లు, చర్చివాళ్లు, పేటవాళ్లు, ముసలీముతకా అందరూ పైనే ఉన్నారు.

"పోన్లే, గంట పనిచేస్తంది," అంది.

"మావా, మరి నా సినిమా?"

"ఇంకా ఏటి సినిమా? దిగు ముందు!"

దిగి చూస్తే కెమెరా తిరుగుతూనే ఉంది. బతిమాలగా బతిమాలగా ఒప్పుకుని, కొన్నాళ్లకు గుడిముందే తెరకట్టి చూశారు. మూడు మతాల జనం ఒక్క కొండవైపు పరుగు. అందరికంటే ముందు, అమ్మవారికంటే కూడా ముందు, గుళ్లోకి దూసుకుపోతున్న నేను!

"చెప్పులైనా ఇప్పలేదు సూడండి!" అంది పైడమ్మత్త. పేట పేటంతా పొట్ట పట్టుకుని నవ్వింది.

గంగమ్మ సాక్షిగా ఒట్టు: ఇక ఈ జన్మలో ఏ గుళ్లోనూ గంట ముట్టను. నేనొచ్చానని దేవుడికి తెలియకపోతే పోనీండి. ఒకసారి ముగ్గురు దేవుళ్లకూ తెలియజేశాను, చాలదూ?