మంగుస్తాన్ పాదులో ఉప్పు

గల్ఫ్ నుంచి వచ్చే మగాళ్ళు బంగారమో, దుప్పట్లో, సెంటు సీసాలో తెచ్చుకుంటారు. మా ఆయన మొక్క తెచ్చేరు. అదీ గల్ఫ్‌ది కాదు. అక్కడ ఆయన గదిలో ఉండే మలయాళీ ఆయన ఊళ్ళో దిగి, వాళ్ళింట్లో రెండ్రోజులు భోంచేసి, రైల్లో ఒళ్ళో పెట్టుకుని తెచ్చేరు. జానెడు మొక్క, నాలుగాకులు. మంగుస్తాన్ అంట. ఏం పండండీ అంటే, "పైన ఊదాగా, లోపల వెల్లుల్లి రెబ్బల్లాగ తెల్లగా ఉంటుందే" అన్నారు. వెల్లుల్లి కోసం రైల్లో మొక్క మోసుకొచ్చిన మనిషి మా ఆయనొక్కరే అయ్యుంటారు.

నాకు సంతకం మట్టుకే వచ్చు. నోటితో చెప్తున్నాను, తప్పులుంటే రాసినవాళ్ళవి.

ఆ మొక్కకి చిన్నప్పుడు ఎండ తగలకూడదంట. కొత్తపేట పక్కన మాకున్నది అరెకరం కొబ్బరితోట, నీడకేం తక్కువ. నాలుగు చెట్ల మధ్య పాతేరు. రెండేళ్ళు దాని చుట్టూ తిరిగి, ఓ పొద్దున్న గుండె ఆగి పోయేరు. మొక్క అప్పటికి మోకాలంత. పిల్లల్లేరు. మొక్క ఉంది.

దాని ఎదుగుదల మీరు చూడాలి. అరటి పిలకైతే పొద్దున్నకీ సాయంత్రానికీ తేడా తెలుస్తుంది. ఇది ఆరు నెలలకి రెండాకులేసేది, అవీ నామీద దయతలచినట్టు.

మా ఆయన అన్నగారి తోట మా పక్కనే. పంపకాలైపోయేయి గానీ, మొగుడు పోయిన దాని తోటకి ఎవరైనా యజమానే. గట్టుమీద నించుని అడిగేవారు.

"ఏమ్మా, ఎన్నేళ్ళయింది ఇది పెట్టి?"

"ఏడేళ్ళండి బావగారు."

"ఏడేళ్ళలో కొబ్బరి గెలేసి, కాయ దింపి, పచ్చడి కూడా అయిపోద్ది."

"దీనికంత తొందర లేదండి."

ఆయన పక్కనే మా తోడికోడలు. "ముండమోపి చెయ్యి పడ్డ చెట్టు కాస్తుందా" అంది, నాకు వినపడేంత మెల్లిగా.

"ఈ ఏప్రిల్ నుంచి ఇంకో రెండేళ్ళు చూస్తాను. కాయకపోతే కొట్టించి కొబ్బరి పెట్టిస్తాను" అన్నారు బావగారు. నా తోటలో నా చెట్టుకి ఆయన గడువు. కాస్తే నా చెట్టు, కాయకపోతే ఆయన చోటు. ఆయ్ అన్నాను. తిట్లన్నీ ఇంటికొచ్చి, తలుపేసుకుని తిట్టేను.

మా వాళ్ళకి చెట్టంటే కొబ్బరిచెట్టే. ఏడాదికోసారి దాని పాదులో కల్లుప్పు వేస్తారు, బలమని. ఆ ఏప్రిల్‌లో ఓ జల్లు పడగానే బావగారు మనుషుల్ని పెట్టి తన చెట్లన్నిటికీ, నా చెట్లకీ ఉప్పేయించేరు. నేను కాట్రేనికోనలో మా చెల్లెలింట్లో ఉన్నాను. మంగుస్తాన్ మట్టుకు ఏం పాపం చేసిందని, దాని పాదులోనూ రెండు కిలోలు పోయించేరు. మంచికే, కాదన్ను. చెడు చేద్దామనుకునుంటే చెట్టు ఇంకాస్త బాగుండేది.

వారానికి నేను తిరిగొచ్చేసరికి ఆకుల అంచులు అట్టు మాడినట్టు మాడేయి.

"ఉప్పేయించేనమ్మా, ఇంక చూడు" అన్నారు.

"చూస్తున్నానండి."

పాదులో మట్టి గోకి తట్టలతో అవతల పోసేను. మిగతా ఉప్పు కడగాలి. నీళ్ళేవి? వేసవిలో మాకు కాలువలు కట్టేస్తారు. మా బోరు నీళ్ళు పప్పులో పోస్తే వేరే ఉప్పక్కర్లేదు. ఇంక మిగిలింది పంచాయతీ కుళాయి, పొద్దున్నపూట గంట. వరసలో నించుని, పట్టిన బిందె తోటకి మోసి, మళ్ళీ వచ్చి వరసలో నించునేదాన్ని. రోజుకి పది బిందెలు.

"ఒక్కదానివి, ఇన్ని నీళ్ళేం చేస్తావు?" అని అడిగిందొకావిడ.

"స్నానం చేస్తున్నానండి, పదిసార్లు."

సంగతి తెలిసేక ఇంకా ముచ్చటగా మాట్లాడేరు. "మొగుణ్ణి ఇంత బాగా చూసుకుందంటావా?"

"లేదండి" అన్నాను. "ఆయన ఒకచోట ఉండేవారు కాదు, ఇది కదలదు."

కాలువకి నీళ్ళొదిలేదాకా మోసేను. సగం ఆకులు రాలేయి. శ్రావణంలో కొమ్మ చివర రెండు చిగుళ్ళొచ్చేయి, లేత ఎరుపులో. నా నడుం మాత్రం మళ్ళీ చిగురించలేదు.

గడువు తీరే ఏడాది పుష్యమాసంలో బావగారు గొడ్డలి మనిషిని వెంటపెట్టుకొచ్చేరు. "రెండేళ్ళంటే ఏప్రిల్ దాకా కదండీ" అన్నాను. మాట మీద నిలబడే మనిషి, వెనక్కెళ్ళేరు. మాఘంలో పువ్వొచ్చింది. పదకొండు పిందెలు పడితే ఆరు నిలిచేయి.

జ్యేష్ఠంలో కాయలు రంగు తిరుగుతుంటే బావగారు మళ్ళీ వచ్చేరు. "తొలికాపు ముత్తైదువ చేత కోయించాలి. ఆదివారం మీ అక్క వస్తుంది. నువ్వు ఎదురుగా ఉండకమ్మా, ఏమనుకోకు."

"ఏమనుకుంటానండి" అన్నాను. తొమ్మిదేళ్ళూ ఎదురుగానే ఉన్నాను మరి.

శుక్రవారానికే పళ్ళు ముదురు ఊదాకి వచ్చేసేయి. నిచ్చెనేసుకుని ఒక్కోటీ చేత్తో కోసేను. రెండు చెట్టుకిందే కూచుని తిన్నాను. రుచి చెప్పను. నేను తొమ్మిదేళ్ళాగి తిన్నాను, మీరూ ఆగండి.

ఆదివారం అక్క, అదే మా తోడికోడలు, పట్టుచీర కట్టుకుని, పసుపూ కుంకం పట్టుకుని బావగారితో వచ్చింది. చెట్టుమీద ఒక్కటీ లేదు. పళ్ళెంలో నాలుగూ పెట్టి ఎదురెళ్ళేను.

"ఎవరు కోసేరు?"

"నేనే అక్కా. ఆదివారం దాకా ఆగమంటే పళ్ళు వినలేదు."

ఇద్దరూ ఒకళ్ళ మొహం ఒకళ్ళు చూసుకున్నారు. నేనో పండు అరచేతుల మధ్య నొక్కి తెరిచేను. ముందు బావగారే చెయ్యి చాపేరు. తరవాత అక్క. మూడోది ఒలిచేసరికి, అది ఏ చెయ్యని ఎవరూ అడగలేదు. నాలుగోది ఆవిడ కొంగున కట్టుకుంది. తొక్క రసం పట్టుకి దిగిపోయింది. ఆ మరక ఉతికితే పోదు. ఆ సంగతి ఆవిడే తెలుసుకుంటుందిలే అని ఊరుకున్నాను.

"సర్లేమ్మా, చెట్టుంచు" అన్నారు బావగారు. నా చెట్టు నన్నుంచుకోమని సెలవైంది. ఆయ్ అన్నాను. ఆయన నోట్లోంచి గింజ తీసి, తుడిచి, చొక్కా జేబులో వేసుకోబోతున్నారు.

"అదిటివ్వండి బావగారు" అన్నాను.

ఇచ్చేరు.