వరసల మామయ్య

నలుగురు మనుషులు ఒకరి వెనక ఒకరు నిలబడి కనిపిస్తే చాలు, మామయ్య వెళ్ళి అయిదోవాడిగా నిలబడేవాడు. ఆ వరస దేనికో అడిగేవాడు కాదు. అడగడం మర్యాద కాదని ఆయన అభిప్రాయం. "భోజనానికి పిలిస్తే ఏం వండారో కనుక్కుని వెళ్తామా అమ్మా?" అనేవాడు కోడలితో.

యుద్ధానికి ముందు ఈ అలవాటు లేదు. ఉండడానికి వీలూ లేదు. రేవు చివరి రాతిగుట్ట మీద, లైట్‌హౌస్‌లో ముప్పై రెండేళ్ళు దీపం చూసుకుంటూ గడిపిన మనిషి. యుద్ధం మొదలైన రెండో వారంలో, శత్రువు ఓడలకు దారి తెలియకూడదని దీపం ఆర్పేశారు. మామయ్య తాళాలు అప్పగించి, రేకుపెట్టె పట్టుకుని కొడుకు ఇంటికి వచ్చాడు. తీరా వస్తే కొడుకు లేడు. చేపల పడవతో సహా అతన్ని నౌకాదళం తీసుకుపోయింది, సముద్రంలో శత్రువు వదిలిన మైన్లు ఏరడానికి. ఇంట్లో మిగిలింది కోడలు. ఆమె ఉదయం ఏడింటికి చేపల డబ్బాల ఫ్యాక్టరీకి వెళ్తే సాయంత్రం ఆరు దాటాక వచ్చేది. సైనికులకు వెళ్ళే డబ్బాలకు మూతలు బిగించే మిషను ఆమెది.

ఒంటరిగా ఇంట్లో కూర్చోలేక మామయ్య వీధిలోకి వచ్చాడు. వీధి నిండా వరసలే. రొట్టెకు, బొగ్గుకు, సబ్బుకు, కిరసనాయిలుకు, బాంబులకు కిటికీ అద్దాలు పగలకుండా అంటించే కాగితం పట్టీలకు. ముప్పై రెండేళ్ళు మాట్లాడడానికి మనిషి దొరకనివాడికి ముందొకరూ వెనకొకరూ, ఇద్దరూ కదలడానికి వీల్లేకుండా దొరికారు. నెల తిరక్కుండానే ఊరందరితో వరస కలిపేశాడు. ముందు నిలబడ్డావిడ అక్కయ్య, వెనక నిలబడ్డాయన బావ. ఆ రకంగా వరసల మామయ్య అన్న పేరు స్థిరపడింది.

ఒక సాయంత్రం కోడలు వచ్చేసరికి బల్ల మీద నాలుగు గుర్రపు నాడాలున్నాయి.

"ఏంటి మామయ్యా ఇవి?"

"నాడాలమ్మా."

"మనకి గుర్రమెక్కడుంది?"

"లేదనుకో. కానీ ఆ ఇచ్చేవాడు ఎంత ఆప్యాయంగా ఇచ్చాడనీ! కాదనలేకపోయాను."

ఇంకో రోజు పాలసీసా పీకలు తెచ్చాడు. అరడజను. ఆ ఇంట్లో పళ్ళు రాని మనిషి లేడు. పళ్ళంటే గుర్తొచ్చింది, మరుసటి వారం ఆయన బుగ్గ వాచి, దూది కరుచుకుని కూర్చున్నాడు.

"పన్ను నొప్పా మామయ్యా? చెప్పలేదేం?"

"నొప్పేం లేదమ్మా. రెండు గంటలు నిలబడ్డాను. తీరా లోపలికెళ్తే పళ్ళ డాక్టరు. నాకే బాధా లేదంటే పాపం మొహం చిన్నబుచ్చుకున్నాడు. సరే, అంత దూరం వచ్చాను కదా, మీకు నచ్చింది ఒకటి తీసేయండి అన్నాను."

కోడలు ఆ వారం మొగుడికి రాసిన ఉత్తరంలో "మీ నాన్నగారు క్షేమం. ఒక పన్ను తగ్గారు" అని రాసింది.

సైన్యంలో చేరే కుర్రాళ్ళ వరసలో కూడా నిలబడ్డాడాయన. కళ్ళ పరీక్షలో పలక మీద ఆఖరి వరస అక్షరాలతో పాటు, అంచున ఉన్న అచ్చాఫీసు పేరు కూడా చదివేశాడట. తుపాకీ ఇవ్వబోతుంటే ఎవరో వయసు అడిగారు. ఫ్యాక్టరీలో సూపర్‌వైజరు కోడలి మిషను దగ్గర ఆగి, "మీ మామగారు నిన్న నర్సు ట్రైనింగుకి పేరిచ్చారటగా?" అన్నప్పుడు షెడ్డంతా గొల్లుమంది. ఆమెకు తల కొట్టేసినట్టయింది. అప్పటినుంచి తమ ఇంటి రేషను కార్డు తన దగ్గరే పెట్టుకుని, సెలవు రోజున తనే వెళ్ళి సరుకులు తెచ్చుకునేది. ఆయన చేతికిస్తే రొట్టెకు బదులు ఏ లంగరు గొలుసో వస్తుందని భయం.

చలికాలం వచ్చింది. మామయ్యకు దగ్గు పట్టుకుంది. ఒకరోజు పొద్దున వాన పడుతుంటే ఆయన్ని బయటికి వెళ్ళనివ్వకూడదని కోడలు బూట్లు బీరువాలో పెట్టి తాళం వేసి పనికి వెళ్ళింది.

పదకొండింటికి సూపర్‌వైజరు వచ్చింది. ఈసారి నవ్వడం లేదు.

"రేషన్ ఆఫీసు నుంచి కబురొచ్చింది. మీ మామగారిని పట్టుకున్నారట. కోటు జేబుల్లో పద్నాలుగు కార్డులు దొరికాయట. ఒక్కటీ ఆయనది కాదట."

కోడలు మిషను ఆపి శాలువా అందుకుంది. కిందటి నెలే ఎవరో వ్యాపారికి, ఇతరుల కార్డుల మీద సరుకులు తీసుకున్నందుకు ఆరు నెలల జైలు వేశారు. ముళ్ళతీగ చుట్టిన బీచ్ రోడ్డు మీద వానలో పరుగులాంటి నడక నడిచింది. సముద్రంలో ఉన్న మనిషికి ఈ కబురు ఎలా రాయాలో తోచలేదు. జైల్లో భోజనానికీ వరసే, ఈయన సంతోషంగానే వెళ్తాడు అనిపించింది గానీ నవ్వు రాలేదు.

రేషన్ ఆఫీసులో, కిటికీకి సగం దాకా ఇసుక బస్తాలు పేర్చిన చీకటిగది. బల్ల వెనక ఇన్‌స్పెక్టరు. ఎదురుగా కొడుకు రబ్బరు బూట్లలో మోకాళ్ళదాకా మునిగి మామయ్య.

"మళ్ళీ అడుగుతున్నాను. ఎవరివీ కార్డులు?"

"మావాళ్ళవేనండి. అక్కయ్యలు ఎనిమిదిమంది, చెల్లెళ్ళు నలుగురు, మేనకోడళ్ళు ఇద్దరు."

"పద్నాలుగు కార్డులకీ పద్నాలుగు ఇంటిపేర్లున్నాయి!"

"వరసకి అంతేనండి."

కోడలు ఆయన ముందుకు వెళ్ళి నిలబడింది. "మామయ్యా, నాతో నిజం చెప్పండి. సరుకులు బయట అమ్ముతున్నారా?"

మామయ్య మొహం చూసి, ఆ మాట అనకుండా ఉండాల్సింది అనుకుంది. ఆయన దగ్గి, మెల్లగా అన్నాడు: "చెప్పకూడదమ్మా. మాటిచ్చాను."

అప్పుడే తలుపు తెరుచుకుంది. ముందు చేపల వాసన, దాని వెనక ఆడవాళ్ళు వచ్చారు. మోచేతులదాకా పొలుసులు, నడుముకు తడి ఆప్రాన్లు. కోడలు పనిచేసే ఫ్యాక్టరీలోనే చేపలు కోసే షెడ్డు వాళ్ళు. సూపర్‌వైజరుది చిన్న గొంతు కాదు, కబురు వాళ్ళ షెడ్డు దాకా వినబడింది.

"ఆ కార్డులు మావి" అంది అందరికంటే పొడుగావిడ. "ఇచ్చిన తప్పు మాది. మమ్మల్ని రాసుకోండి."

"ఎందుకిచ్చారు?"

"పొద్దున ఏడింటికి కత్తి పట్టుకుంటే అయిదున్నరకి దించుతాం. కొట్లు తెరిచేది తొమ్మిదికి, మూసేది అయిదుకి. సెలవు రోజున ఊరంతా అక్కడే, మా వంతు వచ్చేసరికి రొట్టె అయిపోయేది. మా ఇంట్లో మూడు వారాలు రొట్టె లేదండి. ఒకరోజు పనికి ఆలస్యమైనా సరే అని వరసలో నిలబడితే, నా వంతు రాకముందే ఫ్యాక్టరీ పదింటి కూత పెట్టింది, అది దాటితే ఇక గేటు తియ్యరు. వెనక ఈయనున్నాడు. 'కార్డు ఇచ్చి వెళ్ళమ్మా చెల్లీ' అన్నాడు. సాయంత్రం సముద్రం వైపు గేటు దగ్గర రొట్టె కోటు లోపల దాచుకుని నిలబడ్డాడు. తడవకుండా. ఆయన మాత్రం ముద్దయిపోయాడు. తర్వాత ఒక్కొక్కరం ఇచ్చాం."

మూతల మిషను వాళ్ళ గేటు వీధి వైపు. పైగా వాళ్ళను వదిలేది అరగంట ఆలస్యంగా. కోడలికి ఇన్నాళ్ళూ కనబడకపోవడంలో వింత లేదు.

"నాకైనా చెప్పొచ్చుగా మామయ్యా!"

"తెలిస్తే నీకూ శిక్షే కదమ్మా. పైగా ఆ నాడాలూ అవీ చూసి నువ్వు విసుక్కుంటుంటే, ఇంట్లో మనుషులున్నట్టుండేది."

కోడలు తన శాలువా తీసి ఆయన భుజాల మీద కప్పింది.

ఇన్‌స్పెక్టరు నిబంధనల పుస్తకం చాలాసేపు తిరగేశాడు. ఒక చోట వేలు ఆగింది. నడవలేనివాళ్ళ తరఫున బంధువులు సరుకులు తీసుకోవచ్చని ఉంది. ఆయన తలెత్తి పొడుగావిడ వైపు చూశాడు. తెరచాప కొయ్యంత మనిషి.

"మీరు నడవలేరా?"

"ఏడు నుంచి అయిదున్నర దాకా అడుగు కదపలేనండి."

"ఈయన మీకు ఏమవుతారు?"

"అన్నయ్య."

ఇన్‌స్పెక్టరు రాసుకున్నాడు. అలా పద్నాలుగుసార్లు అడిగి, పద్నాలుగుసార్లు రాసుకుని, కార్డులు మామయ్య చేతిలో పెట్టాడు.

ఆ వానకి మామయ్య జ్వరంతో మంచం ఎక్కాడు. ఆదివారం నాటికి జ్వరం కాస్త దిగింది. కోడలు వంటింట్లో ఉండగా వీధి తలుపు తట్టారు. తీస్తే పొడుగావిడ. ఆవిడ వెనక మిగతా పదముగ్గురూ, వాళ్ళ వెనక ఎవరెవరో, వీధి మలుపు దాకా. చూడ్డానికి వచ్చారు. గది చిన్నది కాబట్టి ఒక్కొక్కరే రావాలని వాళ్ళే అనుకుని నిలబడ్డారు.

కోడలు పొడుగావిడను లోపలికి తీసుకెళ్ళింది. మంచం ఖాళీగా ఉంది. దుప్పటి లేదు. పెరటి తలుపు తీసి ఉంది.

ఆమె కిటికీ దగ్గరికి పరిగెత్తి తల బయటపెట్టింది. వరస చివర, దుప్పటి కప్పుకుని మామయ్య నిలబడి ఉన్నాడు. ఆయన ముందున్న అమ్మాయి ఆ వారమే ఫ్యాక్టరీలో చేరింది, ఈయన్ని ఎరగదు. వెనక్కి తిరిగి చెబుతోంది.

"ఈ ఇంట్లో ఒక పెద్దాయనకి జ్వరమట బాబాయ్. చాలా మంచాయనట."

"అయ్యో పాపం" అన్నాడు మామయ్య, దుప్పటి సర్దుకుంటూ. "ఇప్పుడెలా ఉందిట?"