అందరి వెనకా మోకరించిన మనిషి

మా పెదనాన్న పోయాడు. ఆయన్ని చూద్దామనే బయల్దేరాను. నల్లపాడులో రైలు దిగుతుంటే తమ్ముడు ఎదురొచ్చి ఆ కబురు చెప్పాడు. పొద్దున కాఫీ తాగి మంచం మీద వాలినవాడు మళ్లీ లేవలేదట. ఎవరినీ ఇబ్బంది పెట్టకుండా వెళ్లిపోయాడు. జైలు నుంచి వచ్చాక ఆయన బతికిందీ అలాగే.

మా ఊరి గురించి తెలియనివాళ్లకు ఒక సంగతి చెప్పాలి. మాకు "చంపుతా" అనేది తిట్టు కూడా కాదు. అన్నం తినని పిల్లాణ్ణి తల్లి అంటుంది, పేకాటలో ఓడినవాడు గెలిచినవాణ్ణి అంటాడు. ఎనభైల మొదట్లో, మబ్బు పట్టిన రోజున, మిరపకాయల మీద కప్పడానికి పట్టా అడిగితే ఇవ్వలేదని మా పెదనాన్న పక్క కళ్లం కాపలావాడితో గొడవపడి, అందరి ముందూ ఆ మాటే అన్నాడు. తెల్లారేసరికి ఆ కాపలావాడు తల పగిలి చచ్చిపడి ఉన్నాడు. వాళ్లమ్మకు ఒక్కడే కొడుకు.

అంతే. ఆ మాటా, చీకట్లో దూరం నుంచి ఆయన లాంటి మనిషిని చూశానన్న ఒక సాక్షీ. కింది కోర్టు యావజ్జీవం వేసింది. పెద్దమ్మ పట్టుబట్టి అప్పీలు చేయించింది. కోపంలో అన్న మాట హత్యకు సాక్ష్యం కాదనీ, అంత చీకట్లో మనిషిని గుర్తుపట్టానంటే నమ్మలేమనీ హైకోర్టు శిక్ష కొట్టేసింది. రాజమండ్రి జైలు నుంచి ఆయన చిక్కి సగమై వచ్చాడు.

ఊరు మాత్రం కొట్టెయ్యలేదు. "సాక్ష్యం చాలక వదిలారుగానీ, చెయ్యలేదని ఎవరన్నారు?" అనేవాళ్లు టీకొట్టు దగ్గర, ఆయనకు వినబడేట్టే. నాకు ఒళ్లు మండి పోట్లాటకు దిగితే ఆయన నన్నే ఆపేవాడు.

"ఊరుకోవే అమ్మాయ్. కుండ మూతి మూయగలంగానీ లోకం మూతి మూయగలమా?"

"చంపుతా" అన్న మాట ఆయన నోట మళ్లీ రాలేదు. ఎండబోసిన కాయల మీదికి కోళ్లొస్తే, "వెళ్లండమ్మా, మీకు పుణ్యముంటుంది" అని బతిమాలేవాడు. "దణ్ణం కూడా పెట్టు పెదనాన్నా" అని నేను ఏడిపిస్తే నవ్వేవాడు. ఈ రోజుకీ కోపంలో నేను నోరు జారబోయి ఆగుతున్నానంటే అది ఆయన చలవే.

మా చర్చిలో ప్రభురాత్రి భోజనానికి అందరికీ ఒకటే పాత్ర. ముందు మగవాళ్లు, తర్వాత ఆడవాళ్లు మోకరించి ఒకరి తర్వాత ఒకరు తాగుతారు. ఆయన తిరిగొచ్చాక మొదటిసారి వెళ్లినప్పుడు, ఆయన తాగిన పాత్రను పక్కవాడు ముట్టలేదు, తల అడ్డంగా ఊపాడు. అప్పటినుంచి పెదనాన్న ఆడవాళ్లది కూడా అయ్యాక, అందరికంటే చివర వెళ్లేవాడు. "నా వెనక ఎవరూ లేకపోతే ఎవరికీ బాధుండదుగా" అనేవాడు. ఏళ్లు అలాగే గడిచాయి.

ఒక ఈస్టరు నాడు ఆ కాపలావాడి తల్లి ఆడవాళ్ల వరసలో లేవలేదు. పెదనాన్న వెళ్లి మోకరించాక, అప్పుడు లేచింది. నెమ్మదిగా నడిచివచ్చి ఆయన పక్కనే మోకరించింది. పెదనాన్న తాగాక పాస్టరు గారు పాత్ర పట్టుకుని ఆగిపోయారు.

"ఇయ్యండి అయ్యగారూ, చూస్తారేంటి?" అంది గట్టిగా. "ఇన్నేళ్లబట్టీ చూస్తన్నా వీణ్ణి. నా కొడుకుని చంపినోడి ఎంగిలి నేను తాగుతానా?"

తాగింది. పైటచెంగుతో మూతి తుడుచుకుంది. పెదనాన్న నేలకు తల ఆనించి వెక్కి వెక్కి ఏడ్చాడు. హైకోర్టు వదిలిన రోజు కూడా ఆయన ఏడవలేదని పెద్దమ్మ తర్వాత చెప్పింది. పాట అయిపోయింది, ఆశీర్వాదం అయిపోయింది, ఆయన లేవలేదు.

"ఇక లేవరా. మోకాళ్లు పట్టేసినయ్యి, నన్ను లేపేదెవరు?" అంది ముసలమ్మ.

ఆయన లేచి చెయ్యి అందించాడు. మగవాళ్ల చాపలకూ ఆడవాళ్ల చాపలకూ మధ్యలోంచి, అందరూ చూస్తుండగా, ఆమె చెయ్యి వదలకుండా మెల్లగా ఎండలోకి నడిచాడు.