అరవై మీటర్ల వల

ఐలమ్మ చిలుకూరు అంగన్‌వాడీలో ఆయమ్మ. పొద్దున్నే పిల్లల్ని ఇళ్ళ నుంచి పిలుచుకురావడం, పప్పు ఉడికించడం, ముక్కులు తుడవడం, పన్నెండేళ్ళుగా అదే పని. పదో తరగతి పాసైతే టీచరయ్యే వీలుంటుందని సూపర్‌వైజరమ్మ చెప్పేనాటికి ఆమెకు ముప్పై ఆరేళ్ళు. ఓపెన్ స్కూల్లో చేరింది. మిగతావన్నీ ఎలాగో గట్టెక్కాయి గానీ, లెక్కలు రెండుసార్లు తప్పింది.

2011లో మూడోసారికి సిద్ధమైంది. ఆదివారం ఆదివారం బస్సెక్కి కోదాడలో క్లాసుకు పోయేది. వారమంతా పనిచేసిన ఒళ్ళు, ఫ్యాను కింద కూర్చోగానే కళ్ళు మూతలు పడేవి. ఒకరోజు సత్యనారాయణ సారు బోర్డు మీద లెక్క రాశారు. దీర్ఘచతురస్రం పొడవు, వెడల్పుల నిష్పత్తి 3 : 2, చుట్టుకొలత 40 మీటర్లు, పొడవెంత, వెడల్పెంత?

మూడూ రెండూ ఐదు. నలభైని ఐదు పాళ్ళు చేస్తే పాలుకు ఎనిమిది. ఇరవై నాలుగు, పదహారు అని రాసింది ఐలమ్మ. సారు అడ్డంగా కొట్టేశారు.

"చుట్టూ తిరిగి రామ్మా, నలభై వస్తుందేమో చూడు," అన్నారు.

ఇరవై నాలుగూ పదహారూ నలభయ్యే కదా, సారే పొరపడ్డట్టున్నారు అనుకుంది. వాదించే ఓపిక లేదు. బస్సు వేళయింది.

ఆ వారమే ఆమె భర్త ఎల్లయ్య, వరి కోసిన మడిలో రాత్రిళ్ళు గొర్రెల మందను ఆపడానికి చుట్టూ కట్టే కొత్త వల తెచ్చాడు. అరవై మీటర్లు.

"గెట్టు పక్క జాగ మూడు పాళ్ళు పొడుగు, రెండు పాళ్ళు ఎడల్పు కుదురుతది. గుంజలు ఏడ పాతాలె? సదువుకుంటున్నవ్ గదా, సెప్పు," అన్నాడు.

"ముప్పై ఆరు పొడుగు, ఇరవై నాలుగు ఎడల్పు," ఐలమ్మ తడుముకోకుండా చెప్పింది.

ఎల్లయ్య ఒక్క క్షణం ఆమెకేసి చూసి, గడ్డపార అందుకున్నాడు. నేల ఎండి రాయిలా ఉంది. గుంజలన్నీ పాతేసరికి పొద్దు వాలింది. ఒక మూల నుంచి వల కట్టుకుంటూ వచ్చారు. పొడుగు పక్క అయింది, వెడల్పు పక్క అయింది, వల అయిపోయింది. ఇంకా రెండు పక్కలు బార్లా తెరిచే ఉన్నాయి. ఎనభై గొర్రెలు గట్టు మీద అరుస్తున్నాయి.

"నాకు ఎక్కువనే అనిపించింది," అన్నాడు ఎల్లయ్య మెల్లగా. "సదువుకున్నదానివి నీకెరుకని ఊకున్న."

తిట్టినా బాగుండేది. ఐలమ్మ గట్టు మీద కూలబడింది. కట్టిన రెండు పక్కల్నీ, ఖాళీగా ఉన్న రెండు పక్కల్నీ అలా చూస్తూ ఉండిపోయింది.

"ఐదు పాళ్ళు గీ రెండు దిక్కులకే ఖతమైనయ్," అంది ఉన్నట్టుండి. "అవతలి రెంటికి ఇంకో ఐదు గావాలె. నాలుగు దిక్కులకు పది పాళ్ళయ్యా! అరవైలో పదో పాలు ఆరు. పొడుగు మూడార్లు పద్దెనిమిది, ఎడల్పు రెండార్లు పన్నెండు."

"అయితే పీకుదాం పా," అన్నాడు ఎల్లయ్య.

అరచేతులు బొబ్బలెక్కుతుండగా గుంజలు పీకి మళ్ళీ పాతారు. ఈసారి వల తిరిగొచ్చి మొదటి గుంజను అందుకుంది.

మరుసటి ఆదివారం, "తప్పు నాదే సారూ," అని ఒప్పుకుంది. సారు నవ్వి ఇంకో పది లెక్కలిచ్చారు.

ముప్పై ఏడు మార్కులతో లెక్కలు గట్టెక్కింది. సంబరపడదామంటే ఊళ్ళో టీచరు పోస్టు ఖాళీ లేదన్నారు. ఇంకో రెండేళ్ళు పప్పు ఉడికించింది. 2013లో అవతలి తండాలో టీచరుగా సెంటరిచ్చారు. బస్సు దిగాక రెండు కిలోమీటర్ల నడక.

మొదటిరోజు లోపలికి అడుగుపెడుతూనే అలవాటు కొద్దీ చీపురు తీసింది. అక్కడి ఆయమ్మ జమున పరుగున వచ్చి లాక్కుంది.

"నువ్వు కూసో టీచరమ్మా!"

ఐలమ్మ కుర్చీలో కూర్చుంది. అప్పుడు తెలిసింది, కాళ్ళు ఎంతగా గుంజుతున్నాయో.