నాయన లారీ ఆటలో రికార్డింగు ఆపిన సంగతి

మా నాయన లారీ డ్రైవరు. 'డ్రైవరుగా ఉండేవాడు' అని రాస్తే ఆయన ఒప్పుకోడు. తాడిపత్రి, యాడికి ఊళ్ల పక్క నుంచి నాపరాతి బండలు ఎత్తుకొని మద్రాసుకూ బొంబాయికీ తిప్పిన మనిషి. మోకాలి ఆపరేషన్ తర్వాత క్లచ్ తొక్కలేక బండి అమ్మేసి, అనంతపురంలో మా ఇంటికి వచ్చినాడు. కూతురింట్లో ఉండడమేందని అడిగే చుట్టాలు ఇప్పటికీ ఉన్నారు. 'సరే, మీ ఇంట్లో పెట్టుకుంటారా?' అని నేను తిరిగి అడిగితే మాట మారుస్తారు.

నాకూ నా మొగుడికీ విత్తనాలు, ఎరువుల కొట్టు ఉంది. పగలంతా మేం కొట్లో, నాయన ఇంట్లో. టీవీలో వార్తలు చదివేవాళ్లను తిట్టడం తప్ప ఆయనకు వేరే పని లేకపోయింది. బెంగళూరులో ఉద్యోగం చేసే మా తమ్ముడు అది చూసి, తన పాత కంప్యూటరు తెచ్చి పెట్టినాడు. దానికి ఒక స్టీరింగు, కాళ్ల కింద పెడల్స్, మైకు ఉండే హెడ్‌ఫోను. అందులో లారీ తోలే ఆట. సరుకు ఎక్కించుకోవాల, దావ పట్టుకోవాల, చెప్పిన ఊళ్లో దింపాల. పెడల్స్ మెత్తగా ఉంటాయి కాబట్టి మోకాలికి ఇబ్బంది లేదు. మొదట్లో 'ఏందిది, పిల్లోళ్ల బొమ్మ' అన్నాడు. ఆ తర్వాత సంగటి ముద్ద కూడా స్టీరింగు పక్కనే పెట్టమన్నాడు.

ఒక్కటే ఫిర్యాదు. "బండి మిస్సింగ్ కొడతాండాదిమ్మా. ఘాట్ ఎక్కేటప్పుడు జర్కు ఇస్తాండాది. డీజిల్‌లో ఏమో కలిసినట్లుండాది."

"అది కంప్యూటరు నాయనా, డీజిల్ తాగదు."

"ఏదో ఒకటి తాగుతాండాది కదా? అందులో కలిసింటాది."

బండి తోలేటప్పుడు నాయన ఊరికే ఉండడు. లారీని రివర్సు తీయాల్సి వస్తే, "ఒరే, ఎడమ పక్క చూడరా! నిద్రపోతాండావా?" అని కేక పెడతాడు. ఆ కేక ఆయన దగ్గర ఏండ్ల తరబడి పనిచేసిన క్లీనరుకు. ఆ మనిషి చనిపోయి చాన్నాళ్లయింది. అయినా స్టీరింగు పట్టుకుంటే నాయన నోట్లోంచి ఆ మాట దానంతట అది వస్తుంది. నాకది వింతగా ఎప్పుడూ అనిపించలేదు. కొట్టు మూసేటప్పుడు నా మొగుడు పక్కన లేకపోయినా 'లైటు ఆర్పు' అని నేనూ అంటాను. దేవుడి పటంతో అరగంట మాట్లాడేవాళ్లను మనం భక్తులంటాం.

తమ్ముడు ఆదివారాలు వచ్చినప్పుడు కీబోర్డు ఒళ్లో పెట్టుకొని నాయన వెనకాల మంచం మీద కూర్చొని నగుతుండేవాడు. ఒకరోజు మా చుట్టాల వాట్సాప్ గ్రూపులో ఒక వీడియో పడింది. తెర మీద లారీ వెనక్కి పోయి గోడకు గుద్దుకుంటుంది. నాయన గొంతు క్లీనర్ని తిడుతుంది. తర్వాత ఆ గోడ కట్టించినవాడి మూడు తరాలనూ తిడుతుంది. కింద వరసగా నవ్వు మొగాలు. ఆ వారం మరొకటి, ఆ తర్వాత ఇంకొకటి. ఫోనుతో తీసినట్లు లేవు. గది కనిపించదు, చెయ్యి వణకదు. తెర, నాయన గొంతు, అంతే. నాయనకు వాట్సాప్ లేదు, అందువల్ల ఆయనకు తెలియదు.

తెలిసింది ధర్మవరంలో, మా చుట్టాల గృహప్రవేశంలో. వాకిట్లో అడుగు పెట్టినామో లేదో, మా మేనమామ ఎదురొచ్చి, "ఏం బావా, ఒక్కడివే దిగినావు? క్లీనర్ని యాడ వదిలిపెట్టినావు?" అన్నాడు. చుట్టూ ఉన్నవాళ్లు నగినారు. సంగతి అడిగి తెలుసుకొని నాయన కూడా నగినాడు. బావమరిది కదా, ఆ మాత్రం హక్కు ఉంది.

భోజనాల దగ్గర వేరే మాట వచ్చింది. ఓళిగలు వడ్డిస్తున్నారు. మా చిన్నమ్మ నా చెయ్యి పట్టుకొని, గొంతు తగ్గించినాననుకొని, "మీ నాయనకు మతి సరిగ్గా ఉండాదా పాపా? లేని మనిషితో మాట్లాడతాండాడంట కదా. డాక్టరుకు చూపించినారా?" అంది. నాయన ఎదురు వరసలోనే కూర్చున్నాడు. విస్తట్లో ఆయన చెయ్యి ఆగిపోయింది.

"మతి తప్పితే మొదట మీ ఇంటి దావ మర్చిపోతాడులే చిన్నమ్మా, నీకేం భయం లేదు" అన్నాను. ఆమెకు కోపమొచ్చింది. రానీ. కానీ నాయన చెవిలో పడాల్సింది పడిపోయింది.

ఆ తర్వాత నాయన కంప్యూటరు దగ్గరికి పోలేదు. స్టీరింగు మీద టవలు కప్పేసినాడు. ఎందుకని అడిగితే కాలునొప్పి అన్నాడు. టీవీలో వాళ్లను తిట్టడం కూడా మానేసినాడు. ఆయన నోటిని భరించలేక జీవితమంతా కొట్లాడినదాన్ని, నోరు మూసుకుంటే భరించలేకపోయినాను. పలకరిస్తే, అనాలా వద్దా అని తూకం వేసుకొని మాట్లాడుతున్నాడు. ఎక్కడ ఏది తప్పు మాట్లాడితే మతి తప్పిందంటారో అని! ఇట్లే ఇంకొన్నాళ్లు ఉంటే, చిన్నమ్మ అన్నది నిజమేనని ఊరంతా అనుకునేట్లు ఉన్నాడు.

ఒకరోజు తెర దుమ్ము తుడుస్తుంటే, కింద అంచు మీద గాయానికి వేసే ప్లాస్టరు అతికించి ఉంది.

"ఇదేంది నాయనా?"

"అది చూస్తాండాదిమ్మా. అదిగో, ఆడ కన్ను ఉండాది."

"అది కన్ను కాదు, కరెంటు లైటు."

"మరి యాడి నుంచి పట్టుకుంటాండాది?"

కొట్టుకు పోయి, తమ్ముడికి ఫోను చేసినాను.

"నాయన్ని దొంగతనంగా ఎట్ల తీసినావురా?"

"నేను తీయలేదక్కా. అదే తీస్తుంటాది. వెనకాల రికార్డింగు ఆన్‌లో ఉంటే, పోయిన కొన్ని నిమిషాల ఆట ఎప్పుడూ దాని దగ్గర ఉంటాది. బాగుందనిపిస్తే మీటలు నొక్కి దాచుకోవచ్చు."

"అంటే ఆయన మాట్లాడేసినాక, నువ్వు నొక్కుతావు."

"ఊ."

"ఫోను ఎత్తితే మనిషికి తెలుస్తాది. తల తిప్పుకుంటాడు, వద్దంటాడు. దీనికి వద్దనేది ఎప్పుడు? అయిపోయినాకనా?"

"ప్రేమతోనే కదక్కా తీసింది. రేపు నాయన లేనప్పుడు ఆ గొంతు మనకు..."

"ఉన్నప్పుడే గొంతు ఆగిపోయిందిరా ఆయనకు. ముందు అది ఎట్ల ఆపాలో చెప్పు."

"ఈ ఆదివారం నేనొచ్చి చూస్తాలే."

"నువ్వొచ్చేదాకా ఆగే ఓపిక నాకు లేదు" అని పెట్టేసినాను.

ఇంటికి వచ్చి నేనే వెతికినాను. పెద్ద విద్యేం కాదు. సెట్టింగుల్లో గేమింగ్ అని ఉంది, అందులో క్యాప్చర్స్. జరిగిపోయినదాన్ని రికార్డు చేయమనే మీట వెలుగుతూ ఉంది. ఆపినాను. మైకు రికార్డు చేసే మీట వేరే ఉంది, దాన్నీ ఆపినాను. ఎవరైనా కావాలని మొదలుపెట్టి తీసే రికార్డింగు ఇంకొకటి ఉంటుంది, కానీ అది తీస్తున్నట్లు తెర మీద కనిపిస్తుంది.

నాయన్ని పిలిచి చూపించినాను. "ఆపితే ఆగుతాదని గ్యారంటీ ఏంది?" అన్నాడు. న్యాయమైన ప్రశ్న. హెడ్‌ఫోను పెట్టుకొని ఏదైనా తిట్టు, పరీక్ష చేద్దాం అన్నాను. నాయన కూర్చొని, లారీ కదిలించి, మా తమ్ముణ్ణి తిట్టినాడు. ఇక్కడ రాయను. తమ్ముడు నొక్కే మీటలేవో వాణ్ణే అడిగి తెలుసుకొని నేను నొక్కినాను. కంప్యూటరు ఏమీ దాచుకోలేదు. వీడియోల ఫోల్డరు కూడా తెరిచి చూపించినాను. అందులో కొత్తదేదీ చేరలేదు. నాయన కండ్లద్దాలు తుడుచుకొని మళ్లీ చూసినాడు.

గ్రూపులో పెట్టిన వీడియోలు తమ్ముడితోనే తీసేయించినాను. "తీసేస్తే? చూసినోళ్లు చూసినారు కదా" అన్నాడు నాయన. దానికి నా దగ్గర మీట లేదు.

టవలు తీసినాడు గానీ కొన్నాళ్లు నోరు తెరవకుండా తోలినాడు. "మిస్సింగ్ పోయిందిమ్మా" అని మాత్రం చెప్పినాడు. పాత కంప్యూటరు కదా, వెనకాల రికార్డు చేస్తూ ముందర లారీ నడపాలంటే దానికి బలం చాలక జర్కు ఇచ్చేదంట. డీజిల్‌లో ఏదో కలిసిందని ఆయన చెప్పింది మరీ తప్పేం కాదు. ఒక మధ్యాహ్నం అన్నానికి ఇంటికొస్తే, గేటు దాకా కేక వినిపించింది. క్లీనరు మళ్లీ నిద్రపోయినట్లున్నాడు. నేను లోపలికి పోకుండా అరుగు మీద కాసేపు కూర్చున్నాను.

దసరా సెలవుల్లో తమ్ముడు తన వీడియో గేమ్ కన్సోల్ పట్టుకొచ్చి మా టీవీకి తగిలించినాడు. అందులోనూ లారీలున్నాయి. స్టీరింగు పట్టుకునే ముందు నాయన, "ఇది గూడా పట్టుకుంటాదా?" అని అడిగినాడు. తమ్ముడు నా వైపు చూసినాడు. నేను చెయ్యి చాపినాను. కన్సోల్ రిమోటు నా చేతిలో పెట్టినాడు. దాంట్లోనూ క్యాప్చర్స్ కిందే ఉంది, కానీ మాట వేరు. ఏదీ తీయవద్దు అనేది ఎంచుకోవాల.

మరుసటి రోజు మేమంతా వంటింట్లో తింటుంటే, ముందు గదిలోంచి నాయన అరిచినాడు. "రేయ్, బిర్నే రా! పట్టుకో దాన్ని, పోనీకు!" పరిగెత్తినాం. పొడుగు ట్రైలరును, వానలో, ఘాట్ మీద నుంచి గీత పడకుండా దించినాడంట. తెర మీద లారీ నిలబడి ఉంది. తీరా మేం పోయేసరికి ఘాట్ అయిపోయింది.

"ఆపించింది మీరే కదా నాయనా. ఇంక యాడ పట్టుకునేది?" అన్నాడు తమ్ముడు. గొంతులో కొంచెం సంతోషం ఉంది, లేదని నేను అనను. "మళ్లీ ఆన్ చేద్దామా?"

నాయన తెర వైపు చూసినాడు, వాడి వైపు చూసినాడు. "వద్దులే. ఆడ కూర్చో, నేను చెప్తా" అన్నాడు.

చెప్పినాడు. సాయంత్రం మా మేనమామకు ఫోను చేసి మళ్లీ చెప్పినాడు. అప్పటికి ఎదురుగా ఒక బస్సు చేరింది, వాన వడగండ్లయింది. అటుపక్క మామ వీడియో పంపమన్నట్లున్నాడు.

"యాడిది వీడియో? నేను చెప్తాండా కదా, వినప్పా" అని నాయన మొదటి నుంచి మొదలుపెట్టినాడు.