కుడికాలు విరగలేదు

మంగది మహబూబ్‌నగర్ వైపు ఊరు. పదహారేళ్ళప్పుడు పెనిమిటి అంజితో కలిసి పట్నానికి కూలికి వచ్చింది. ఇప్పుడు ముప్ఫై ఉంటాయి. అశోక్‌నగర్‌లో కోచింగ్ పిల్లలుండే హాస్టళ్ళు ఎన్నో ఆమె తల మీద ఇటుకలు మోసి కట్టినవే. ఉండడం మాత్రం మా ఇంటి వెనక లేస్తున్న మేడ సెల్లార్‌లో. మా కుళాయి దగ్గరికి వచ్చినా మెత్తగా మాట్లాడదు. "నీళ్ళు మీయి గావు, మున్సిపాలిటీయి" అని నాతోనే అంది ఒకసారి.

ఆమె నాలుగేళ్ళ పాప సగం కట్టిన మెట్ల మీంచి దూకింది. ఎడమకాలు కింద పెట్టనని ఒకటే ఏడుపు. అంజి అంబర్‌పేట్‌లో పనిలో ఉన్నాడు. నేనే ఆటో మాట్లాడి నారాయణగూడలో ఓ ఆసుపత్రికి తీసుకెళ్ళాను. మా అమ్మాయి పోయాక నేను ఆసుపత్రి గడప తొక్కడం అదే మొదలు.

డాక్టరు ఎక్స్‌రే చూపించాడు. మోకాలి కింద ఎముక రెండు ముక్కలు కాలేదు, ఒకచోట నొక్కుకుపోయి ఉబ్బింది. పిల్లల ఎముకలు మెత్తనివి కాబట్టి అలా అవుతుందట. ఆపరేషన్ అక్కర్లేదు, మూడు వారాలు కట్టు ఉంచితే చాలన్నాడు.

పదోరోజున మళ్ళీ చూపించాం. బాగానే అతుక్కుంటోందన్నాడు. మేస్త్రీ చేయించిన ఇన్సూరెన్స్ కోసం ఫైలు లోపలికి వెళ్ళి వచ్చింది. కౌంటర్లో మనోరమ అనే ఆవిడ కంప్యూటర్ చూసి మొహం చిట్లించింది.

"ఏందమ్మా, మొన్న ఎడమకాలు, ఇయ్యాల కుడికాలా? పది రోజుల్ల రెండు కాళ్ళెట్ల ఇరుగుతయ్? కొడ్తున్నవా పిల్లని?"

వరుసలో వాళ్ళంతా ఇటు తిరిగారు.

"నీ నోరు పడిపోను! నేనెందుకు కొడ్త?"

"పోలీసులకు ఫోన్ చేస్త. పిల్లను తీస్కపోయి హోంల ఏస్తరు."

ఆ మాటకి మంగ మొహం పాలిపోయింది. పాపను గట్టిగా పట్టుకుంది. పారిపోతుందనుకున్నాను.

"కుడికాలని ఎవడు రాసిండు? సూపియ్యి."

రాసింది వెనక గదిలో సుధీంద్ర అనే కుర్రాడు. డాక్టరు రాసింది చదివి, ప్రతి దెబ్బనీ కోడ్ కింద మార్చడం అతని పని. ఏ ఎముక, ఏ వైపు, కొత్త దెబ్బా, పాతదే మళ్ళీ చూపించుకున్నారా, అన్నిటికీ వేరే వేరే అంకెలు, అక్షరాలు. పాపకి ఎడమ బదులు కుడి పెట్టాడు, పాత దెబ్బని కొత్తదన్నాడు. మంగ పాపనెత్తుకుని నేరుగా ఆ గదిలోకే వెళ్ళి అడిగింది.

"నేను పేషెంట్లని చూడనక్కా. ఫైలే చూస్తా."

"ఫైలుకు కాళ్ళున్నయా? ఇగో, సూడు." పాపను కీబోర్డు పక్కనే బల్ల మీద కూచోబెట్టింది.

కట్టు చూశాడు. డాక్టరు కాగితం తీశాడు. అందులో ఎడమే ఉంది. గబగబా మార్చాడు.

"అయిపోయిందక్కా. ఇగ పో."

"ఏడికి పోవాలె? ఆమె అందరి ముంగట అన్నది. నువ్వు గూడ అందరి ముంగటనే చెప్పు."

"నాకు పనుంది."

"అయితే ఇది ఈడ్నే కూసుంటది."

లేచాడు. కౌంటర్ దగ్గరికొచ్చి ఏదో గొణిగాడు.

"గట్టిగ!"

"తప్పు నాదే. కుడికాలు విరగలేదు. పాపనెవరూ కొట్టలేదు."

మనోరమ తలెత్తలేదు. "సరే సరే, జర పక్కకు జరుగు. లైన్ ఆగింది."

మంగ జరగలేదు. "ఇన్నవా, లేదా?"

వెనకనుంచి ఎవరో విసుక్కున్నారు. అయినా కదల్లేదు.

"ఇన్న" అంది మనోరమ.

అప్పుడు పాపను చంకనేసుకుని బయటికి నడిచింది.